పదవీత్యాగము: దానమా, ఉత్సర్గమా?

పదవిని విడిచిపెట్టువాడు వ్రాయు లేఖకంటె పొట్టి లేఖ కార్యాలయవ్యవహారమున అరుదు. పైన తేది, అధ్యక్షుని సంబోధన, స్వకీయ కారణములచే సభ్యత్వమును వదలుకొనుచున్నాననెడి యొక వాక్యము, అడుగున సంతకము, అంతియే. ఆ యొక్క వాక్యమునకు పూర్వము ఎందఱు మిత్రులు వలదని వారించిరో, ఎందఱు హితులు వేగిరపెట్టిరో, కారణములను వివరించుచు వ్రాసి చింపివేసిన చిత్తుప్రతులెన్ని యున్నవో ఆ కాగితము చెప్పదు. గుమాస్తా దానిని పుచ్చుకొని, పై యంచున ముట్టినట్లు రబ్బరుముద్ర వేసి, ఇన్వర్డు రిజిస్టరులో వరుస సంఖ్య నెక్కించి, మిగిలిన తపాలాతో గలిపి లోపలికి పంపును. దానికి ముందు సంఖ్య కుర్చీల మరమ్మతు బిల్లుదియు, వెనుక సంఖ్య యెవరిదో చిరునామా మార్పుదియు నై యుండవచ్చును.

ఈ నిరాడంబరమైన కాగితము చుట్టు న్యాయస్థానములు పెక్కేండ్లుగా తర్కించుచున్న ప్రశ్న యొకటి గలదు. ఆ మనుష్యుడు ఏ క్షణమున విముక్తుడైనాడు? మనస్సున నిశ్చయించుకొన్నప్పుడా, సంతకము చేసినప్పుడా, గుమాస్తా ముద్ర వేసినప్పుడా, అధ్యక్షుడు చదివినప్పుడా, అంగీకరించితినని వ్రాసినప్పుడా, రాజపత్రమున అచ్చుపడినప్పుడా? పైకి న్యాయవాదుల కాలక్షేపమువలె తోచును గాని దీని వేరు చాల లోతున నున్నది. త్యాగమనునది త్యజించువాని యొక్కనివలననే పూర్తియగు కర్మమా, లేక పుచ్చుకొనువాడొకడు లేనిదే పూర్తికాని కర్మమా యనునదే యసలు ప్రశ్న. మన ధర్మశాస్త్రకారులు దీనిని పదవులను గూర్చి గాక, గోవులను, భూములను, చెఱువులను, తుదకు సంసారమునే విడుచుటను గూర్చి తమలో తాము అడిగికొని, మనకంటె నెక్కువ ఓపికతో విచారించియున్నారు.

చట్టములు ఈ విషయమున ఏకకంఠముగా పలుకవు. స్వాతంత్ర్యము వచ్చిన కొలదికాలమునకే మన రాజ్యాంగసభ శాసననిర్మాణసభగా కూర్చుండి 1948లో ఫార్మసీ చట్టమును, 1949లో చార్టర్డు అకౌంటెంట్ల చట్టమును చేసినది. మొదటిది ఔషధవృత్తికి, రెండవది గణకవృత్తికి పాలకమండలుల నేర్పఱచెను. సభ్యుని రాజీనామాకు రెండింటను వాక్యము ఇంచుమించుగా నొక్కటియే: సభ్యుడు ఏ సమయముననైనను స్వహస్తముతో అధ్యక్షునికి వ్రాసి తన సభ్యత్వమును వదలుకొనవచ్చును. కాని వాక్యము ముగియు తావున దారులు చీలినవి. ఫార్మసీ చట్టపు 7వ విభాగము, అంతట ఆ స్థానము ఖాళీ యగునని చెప్పి యూరకున్నది. అకౌంటెంట్ల చట్టపు 13వ విభాగము, ఆ రాజీనామా రాజపత్రమున ప్రకటింపబడినప్పుడు ఖాళీ యగునని చెప్పినది. ఒకే సభ, ఏడాది యెడముతో చేసిన రెండు శాసనములలో ఒకదానియందు లేఖ చేయి దాటి చేరవలసినచోట చేరినంతనే త్యాగము సిద్ధించుచున్నది. రెండవదానియందు లోకమునకు చాటిన పిదపగాని సిద్ధింపదు. ఏదియు కౌన్సిలు సమ్మతిని మాత్రము కోరలేదు. వలదు, ఉండుమని శాసించు అధికారము అధ్యక్షునికి లేదు. వీడ్కోలు సభలో అట్లు ప్రాధేయపడుట మర్యాద, అది వేఱు.

ఈ భేదమునకు శాసనకర్తలు తెలిసి చేసిన కారణ మున్నదో, రెండు చిత్తుప్రతులను ఇరువురు లేఖకులు వ్రాసినందున కలిగినదో యన్న చర్చ నాకు ముఖ్యము గాదు. తెలిసియో తెలియకయో వారు ఒక పురాతనవివాదపు రెండు కొసలను పట్టుకొనిరి. ఆ వివాదము దానమును గూర్చినది.

యాజ్ఞవల్క్యస్మృతికి మితాక్షరయను వ్యాఖ్యను రచించిన విజ్ఞానేశ్వరుడు కల్యాణపుర చాళుక్యుల కాలమువాడు. ఆయన గ్రంథమును తిక్కనకు సమకాలికుడైన కేతన విజ్ఞానేశ్వరీయమను పేర తెలుగున పద్యరూపముగా వెలయించినందున ఆయన మనకు పరాయివాడు గాడు. దానమున రెండు భాగములున్నవని ఆయన మతము: తన స్వత్వమును తాను వదలుకొనుట యొకటి, పరునికి స్వత్వమును కలిగించుట రెండవది. మొదటిది దాత చేతిలోనిది. రెండవది మాత్రము ఆ పరుడు స్వీకరించిననే సిద్ధించును. ఆ స్వీకారమును ఆయన మరల మానసిక, వాచిక, కాయికములని మూడు తెఱగులుగ విభజించి, నాది యని తలచుటయు, నాది యని పలుకుటయు, చేతితో పట్టుటయు వేర్వేఱని చూపెను. వంగదేశపు జీమూతవాహనుడు దీని నొప్పుకొనలేదు. దాత వదలిన క్షణముననే ప్రతిగ్రహీతకు స్వత్వము పుట్టునని, స్వీకారము దానిని అనుభవించుటకు తోడ్పడునదే గాని పుట్టించునది గాదని దాయభాగమున ఆయన వాదము. ఈ రెంటికిని వెలియైనది ఉత్సర్గము. ఊరిబయట చెఱువు త్రవ్వించినవాడు సర్వభూతముల కొఱకని సంకల్పించి నీటిని వదలును. అక్కడ పుచ్చుకొనువాడు ఎవ్వడును నిలిచియుండడు. పశువు త్రాగినను, బాటసారి త్రాగినను, ఎవ్వరును త్రాగకున్నను ఉత్సర్గము పూర్తియైనట్లే.

పదవీత్యాగము ఈ రెంటిలో ఏ జాతికి చెందినది? దానమైనచో స్వీకర్త కావలయును. ఉత్సర్గమైనచో వాక్కు చాలును. ప్రభుత్వోద్యోగి విషయమున మన సర్వోన్నతన్యాయస్థానము దానపక్షమునే పట్టినది. అఖిలభారతసేవకు చెందిన ఒక యధికారి రాజీనామా వ్రాసి, ప్రభుత్వము దానిని అంగీకరించిన తరువాత, ఆ యంగీకారపు సమాచారము తనకు చేరకమునుపే, వెనుకకు తీసికొందునని వ్రాయగా, 1968లో రాజకుమార్ వ్యాజ్యమున న్యాయస్థానము ఆ యుపసంహరణ చెల్లదని తీర్చెను. తగిన యధికారి అంగీకరించుటతోనే అంతయు ముగిసినది, అది రాజీనామా చేసినవాని చెవిని పడనవసరము లేదు. ఫైలులో వ్రాసిన మాట వాచికస్వీకారమే యైనను, ఎదుటివానికి వినబడని మాట మానసికమునకే దగ్గఱ గదా యని విజ్ఞానేశ్వరుని చదివినవానికి అనిపింపకమానదు. ఎన్నికైన సభ్యుని విషయమునను, రాజ్యాంగపదవుల విషయమునను అదే న్యాయస్థానము ఉత్సర్గపక్షము వహించినది: చట్టము వ్రాసి పంపుమని మాత్రమే చెప్పి యంగీకారమును గూర్చి మౌనము వహించినచోట, త్యాగము ఏకపక్షకర్మమే. ఉద్యోగి ఒడంబడికతో వచ్చినవాడు గనుక ఒడంబడికతోనే పోవలయును. సభ్యుడు మాత్రము ఎవనికిని కొలువుచేయుటకు వచ్చినవాడు గాడు.

ఈ విభాగము చక్కనిదే. అయినను నాకు సంపూర్ణతృప్తి కలుగలేదు. చెఱువు త్రవ్వించినవాడు తన సొమ్ముతో త్రవ్వించి తన సొత్తును వదలుచున్నాడు. కౌన్సిలు సభ్యత్వము సభ్యుని సొత్తా? తనది కానిదానిని దానము చేయుటకును వీలులేదు, ఉత్సర్గము చేయుటకును వీలులేదు; అది శాస్త్రమున అదేయము. పదవికి మన వ్యవహారకాండములో సరియగు తావు దానప్రకరణమున లేదు, నిక్షేపప్రకరణమున నున్నది. నిక్షేపమనగా నమ్మి దాచనిచ్చిన వస్తువు. దానిని ఎవరిచ్చిరో వారికే, ఎట్లిచ్చిరో అట్లే తిరిగి యీయవలెనని మనువు విధించియున్నాడు. నలుగురి యెదుట ఇచ్చినదానిని నలుగురి యెదుట, ముద్రవేసి యిచ్చినదానిని ఆ ముద్రతోనే. ఈ దృష్టితో చూచినచో అకౌంటెంట్ల చట్టము రాజపత్రమును ఎందులకు నడుమ నిలిపినదో బోధపడును. ఆ కౌన్సిలులో ముప్పదియిద్దఱకు మించని సభ్యులను సంస్థసభ్యులు ప్రాంతములవారీగ ఎన్నుకొందురు, ఎనమండుగురకు మించనివారిని కేంద్రప్రభుత్వము నియమించును. చెన్నపట్టణము మొదలు విశాఖపట్టణము, హైదరాబాదు, తిరువనంతపురముల వఱకు చెదరియున్న దక్షిణప్రాంతపు సభ్యులు తమ యోటుతో నిచ్చిన నిక్షేపమును, ఢిల్లీలో కూర్చున్న అధ్యక్షుని బల్లపై పెట్టి వచ్చినంతమాత్రమున ఇచ్చినవారికి ముట్టినట్లగునా? అధ్యక్షుడు దానిని ఇచ్చినవాడు గాడు. వేలమంది యింటింటికి పోయి తిరిగి యీయలేడు గనుక, అందఱి కన్నుల యెదుట పెట్టుటకు రాజపత్రము తప్ప వేఱుదారి లేదు. అచ్చుకూటమునకు పోయినది స్వీకారము కాదు, సాక్ష్యము.

కావున రాజీనామాలో రెండు కర్మములు పెనవైచికొని యున్నవని నా యభిప్రాయము. అధికారమును వదలుట యొకటి: కుర్చీని, ఓటును, పేరువెనుక వ్రాసికొను బిరుదును. దీనికి ఎవరి సమ్మతియు నక్కఱలేదు, వాక్కు వెలువడినదా, పోయినదే. బాధ్యతను అప్పగించుట రెండవది. దానికి అందుకొను చేయి కావలయును. ఫార్మసీ చట్టములోని “అంతట” యనుమాట మొదటిదానినే చూచినది. అకౌంటెంట్ల చట్టములోని రాజపత్రము రెండవదానిపై కన్ను వేసినది. పదవీకాలము ముగిసిన సందర్భమున ఈ రెండు చట్టములును రెండవ కర్మమునే ప్రధానముగా నెంచినవనుటకు నిదర్శనము గలదు. ఫార్మసీ కౌన్సిలు సభ్యుని గడువు అయిదేండ్లైనను, వారసుడు ఎన్నికగుట గాని నియమితుడగుట గాని యాలస్యమైనచో అంతవఱకు పదవి సాగును. అకౌంటెంట్ల కౌన్సిలు కాలము తీఱిపోయినను అధ్యక్షోపాధ్యక్షులు క్రొత్తవారు ఎన్నికై కార్యభారమును వహించువఱకు పరిపాలనకృత్యములను నెఱవేర్చుచుండవలయును. హక్కు చచ్చినది, భారము బ్రతికియున్నది.

రామాయణమున భరతుడు చేసినది సరిగా నిదియే. తనకు ప్రాప్తించిన రాజ్యమును ఒల్లనని చెప్పుట ఆయనకు క్షణకాలపు పని. అడవికి పోయి అన్న పాదములపై బడి చెప్పెను. రాముడు స్వీకరింపలేదు. ఇచ్చువాడు ఇచ్చితిననియు పుచ్చుకొనువాడు పుచ్చుకొననియు అనుచుండగా మధ్యనున్న రాజ్యము ఎవరిది? పాదుకలది. పదునాలుగేండ్లు ప్రతి వ్యవహారమును ముందుగా వానికి విన్నవించి నందిగ్రామమున కాలము గడపిన యామనుష్యుడు, రాముడు తిరిగివచ్చిన దినమున మాటలతో సరిపెట్టక, బొక్కసమును, ధాన్యాగారమును, పురమును, సైన్యమును చూచుకొమ్మని చెప్పి, అన్నియు పదిరెట్లు పెరిగినవని లెక్క యొప్పజెప్పెను. గణకులు తమ కులదైవమును వెదకికొనవలసివచ్చినచో భరతునికంటె మిన్న యెవడు? అయితే వారి సంస్థ చిహ్నమున నున్నది గరుత్మంతుడు; ఆయనతోపాటు, నిద్రించువారి నడుమ మేలుకొనియుండు తత్త్వమును చెప్పు కఠోపనిషత్తులోని మాటలు. ఆ మెలకువ పదవిది; పదవిలో నున్నవాడు మాఱుచుండును.

ఇక వ్రాసిన రాజీనామాను వెనుకకు తీసికొనవచ్చునా యన్న చిక్కు. దీనికి మన న్యాయచరిత్రమున పేరొందిన కథ అలహాబాదు ఉన్నతన్యాయస్థానపు న్యాయమూర్తి సతీశచంద్రది. ఆయన 1977 మే 7వ తేదిని రాష్ట్రపతికి వ్రాయుచు, ఆగస్టు 1వ తేది మొదలు తాను పదవిని వదలుచున్నట్లు తెలిపెను. జూలై 15వ తేదిని ఆ లేఖను ఉపసంహరించుకొనుచున్నట్లు మఱియొక లేఖ వ్రాసెను. ఉపసంహరణ చెల్లదని ఆయన పనిచేసిన న్యాయస్థానమే తీర్పుచెప్పగా, 1978లో గోపాలచంద్ర మిశ్ర వ్యాజ్యమున సర్వోన్నతన్యాయస్థానపు అధికసంఖ్యాకులు దానిని త్రోసివేసిరి. ముందుతేది వేసి వ్రాసిన లేఖ త్యాగము గాదు, త్యజింపగలనను ఉద్దేశప్రకటన మాత్రమే. ఆ తేది వచ్చువఱకు వ్రాసినవాడు మనస్సు మార్చుకొనవచ్చును. తక్షణము విడుచుచున్నానని వ్రాసినచో మాత్రము వెనుదిరుగుటకు త్రోవ లేదు. న్యాయమూర్తి ఫజల్ అలీ యొక్కరు భిన్నాభిప్రాయము వ్రాసి, అంతటి పదవిలోనివాడు ఒకసారి వ్రాసి పంపినచో అది వెనుకకు రాదనిరి.

సంకల్పమునకును కర్మమునకును గల ఈ యెడమును మిక్కిలి సూక్ష్మముగా కొలిచినవారు బౌద్ధ వినయధరులు. భిక్షువు శిక్షను విడిచి గృహస్థుడగుట యెట్లన్న ప్రశ్నకు వారి పిటకమున చేసిన చర్చ ఏ శాసనమునకును తీసిపోదు. సంఘము అంగీకరింపవలసిన పని లేదు. మాట తెలిసిన మనుష్యుడు ఒక్కడు వినిన చాలును. కాని విడిచిన బాగుండునేమో యని నిట్టూర్చుట విడుచుట గాదు, అది దుర్బలతను వెల్లడించుట మాత్రమే. ఉన్మత్తుడు చెప్పినది చెల్లదు. వేదనచే తెలివితప్పినవాడు చెప్పినది చెల్లదు. పరిహాసమునకు చెప్పినది చెల్లదు. ఒకటి చెప్పబోయి నోరుజాఱి మఱియొకటి పలికినది చెల్లదు. వినువానికి ఆ భాష తెలియనిచో చెల్లదు. సతీశచంద్రుని మే నెల లేఖను ఈ వినయధరుల ముందు పెట్టినను అధికసంఖ్యాకుల తీర్పే వెలువడియుండునని నా నమ్మకము.

వైదికసంన్యాసవిధి యట్లు గాదు. తనకు తానే శ్రాద్ధము పెట్టుకొని, మెల్లగా నొకసారి, మధ్యమస్వరమున నొకసారి, బిగ్గరగ నొకసారి త్యజించితినని ప్రైషమును ఉచ్చరించి, సర్వభూతములకు అభయమిచ్చి వెడలినవానికి తిరిగి యింటికి త్రోవ లేదు. వచ్చినచో యాజ్ఞవల్క్యుడు వానిని ఆమరణాంతము రాజునకు దాసుని చేసెను. ఇంత క్రౌర్య మెందులకని యడుగవచ్చును. లోకము వాని వాక్కును నమ్మి తన లెక్కలను సరిదిద్దుకొన్నది, ఆస్తి పంచుకొనబడినది, తద్దినము పెట్టబడినది, వాడు మరల వచ్చి కూర్చున్నచో ఏ లెక్కయు నిలువదు. ఫజల్ అలీ భిన్నాభిప్రాయమున నాకు వినబడునది ఈ ప్రైషపు మూడవ స్వరమే. అయినను నేను అధికసంఖ్యాకుల పక్షమువాడను. ఎవరి మేలుకొఱకు రాజ్యమును వదలెనో ఆ సత్యవతియే వచ్చి, వంశము అంతరించుచున్నది, ప్రతిజ్ఞను సడలింపుమని కోరినప్పుడు భీష్ముడు ఒప్పుకొనలేదు. పుచ్చుకొన్నవారే తిరిగి యిచ్చివేయుచున్న త్యాగమును పట్టి నిలిపినందువలన కురువంశమునకు ఒనగూడినదేమో ఆదిపర్వము మొదలుకొని చదివినవారికి తెలియును.

త్యాగము స్వచ్ఛందము కావలెననుట అన్నిటికంటె పాతనియమము. కౌటిల్యుడు దీనిని రాజ్యవ్యవహారముగనే చూచి, భార్యాపుత్రులకు జీవనము ఏర్పఱుపక సంన్యసించువానికి పూర్వసాహసదండము విధించెను; వయసుడిగినవాడు సైతము ధర్మస్థులను, అనగా న్యాయాధికారులను, అడిగియే వెడలవలెననెను. మోక్షమునకు పోవువాడు న్యాయస్థానము గడప దాటి పోవలెననుట విన నవ్వు వచ్చును. కాని యతడు రెండు విషయములనే విచారింపగోరెను: వీని వెనుక దిక్కులేనివారు మిగిలిరా, వీడు తనంతట తాను పోవుచున్నాడా. ఇదియే విచారము మన రాజ్యాంగమునకు 1974లో తగిలినది. అంతకుపూర్వము శాసనసభ్యుడు సభాపతికి వ్రాసినంతనే స్థానము ఖాళీ యగుచుండెను, ఫార్మసీ చట్టమునందువలెనే. గుజరాతున నవనిర్మాణాందోళనమున జనసమూహములు సభ్యుల యిండ్లను చుట్టుముట్టి రాజీనామాలు వ్రాయించిన పిమ్మట, 33వ సవరణముచేత సభాపతి యంగీకారమును, అది స్వేచ్ఛతో వ్రాసినదా, నిజమైనదా యను విచారణను చేర్చిరి. ఉత్సర్గము బెదరింపుతో జరుగనారంభింపగా దానిని దానముగా మార్చిరన్నమాట.

ఆ మార్పువలన ఏమి జరిగినదో తెలుగువారికి ఒకరు చెప్పనక్కఱలేదు. 2009 డిసెంబరులో వందకు పైబడిన శాసనసభ్యులు కొలదిదినములలో వ్రాసియిచ్చిన రాజీనామాలు సభాపతికడ చిక్కుకొని ఫలింపక పోయినవి. 2010 ఫిబ్రవరిలో తెలంగాణమునుండి పండ్రెండుగురు వ్రాసినవి అంగీకృతములై, జూలైలో ఉపయెన్నికలు జరిగినవి. వీనిలో నేది త్యాగము, నేది పోరాటసాధనమను విచారణలోనికి నేను పోను. రాజీనామా ఆయుధము కాగలదని గుంటూరు మండలము పూర్వమే యెఱుగును: పెదనందిపాడు ప్రాంతపు గ్రామోద్యోగులు సహాయనిరాకరణ దినములలో, పర్వతనేని వీరయ్య చౌదరి నాయకత్వమున, తమ యుద్యోగములను వదలి శిస్తువసూలును స్తంభింపజేసిరి. అక్కడ స్వీకర్త యగు ప్రభుత్వము స్వీకరింప నిచ్చగింపలేదు. స్వీకరింపకున్నంతమాత్రమున వారు తిరిగి పనిలోనికి పోనులేదు. వదలువాని కాలు గడప దాటిన తరువాత అంగీకారమన్నది కాగితముమీది మాటయే.

ఎవరికి వ్రాయవలయునను ప్రశ్న సామాన్యముగా సులభమే, ఒక్కొక్కప్పుడు మాత్రము చిక్కులపాలు చేయును. రాష్ట్రపతి తన రాజీనామాను ఉపరాష్ట్రపతికి వ్రాయవలయును, ఉపరాష్ట్రపతి రాష్ట్రపతికి వ్రాయవలయును. 1969 మే 3వ తేదిని జాకీర్ హుస్సేన్ మరణించినందున ఉపరాష్ట్రపతి వరాహగిరి వేంకటగిరి రాష్ట్రపతికృత్యములను వహించియుండి, ఆ జూలై 20వ తేదిని ఎన్నికకు నిలుచుటకై వైదొలగినారు. ఆ దినమున ఇచ్చువాడును పుచ్చుకొనువాడును ఒక్కరే. అదృష్టవశమున మే నెలలోనే పార్లమెంటు చేసిన యొక చిన్న చట్టము ఇట్టి రిక్తసమయమున ప్రధానన్యాయమూర్తి ఆ కృత్యములను వహింపవచ్చునని చెప్పియుండుటచే, హిదయతుల్లా వచ్చి ఆ స్థానమున నిలిచిరి. వదలుటయందు గిరిగారికి అభ్యాసము గలదు. 1954లో బ్యాంకు ఉద్యోగుల తీర్పును ప్రభుత్వము సవరించినందుకు అసమ్మతితో ఆయన కేంద్రమంత్రిపదవిని విడిచిరి. మొదటిది ధర్మమును గూర్చిన త్యాగము, రెండవది మఱియొక పదవికొఱకు చేసినది. చట్టము రెంటిని ఒక్క తీరుగనే చూచెను, చూడవలయును గూడ.

కారణమును చట్టము అడుగదు గాని గీత యడుగును. పదునెనిమిదవ యధ్యాయమున త్యాగము మూడు విధములుగ విభజింపబడినది: విహితకర్మమును మోహమువలన వదలుట తామసము, శ్రమయను భయమున వదలుట రాజసము, కర్మమును చేయుచునే సంగమును ఫలమును వదలుట సాత్త్వికము. ఈ లెక్కన చూచినచో సాత్త్వికత్యాగి రాజీనామాయే వ్రాయడు! రాజసత్యాగి వ్రాయును. తామసత్యాగి వ్రాయను గూడ వ్రాయడు; సమావేశములకు పోవుట మానుకొనును. మన సంఘములలో అన్నిటికంటె ప్రచురమైన రాజీనామా ఈ మూడవదియే. లేఖాశీర్షమున పేరుండును, నోటీసు పోవుచుండును, మినిట్సు పుస్తకమున “హాజరు కానివారు” అను శీర్షిక క్రింద అదే పేరు పడుచుండును. కార్యదర్శి ఫోను చేసినచో ఈసారి తప్పక వత్తునను వాగ్దానము లభించును. రెండు చట్టములును దీనికి ఒకే మందు వేసినవి: తగిన కారణము లేక వరుసగా మూడు సమావేశములకు రానివాడు స్థానమును వదలినట్లే భావింపబడును. వ్రాయని లేఖను చట్టము వాని పక్షమున వ్రాసిపెట్టును.

ఇక వదలుటవలన వదలనివి కొన్ని గలవు. అకౌంటెంటు తన పేరును రిజిస్టరునుండి తీసివేయుమని కోరవచ్చును, కౌన్సిలు తీసివేయవచ్చును. కాని దోషము జరిగినదని చెప్పబడు దినమున సభ్యుడైయుండినవాడు, విచారణ నాటికి సభ్యుడు గాకపోయినను, ఆ విచారణ నిమిత్తము సభ్యుడుగనే యెంచబడును. ద్వారము దాటినంత మాత్రమున చేసినది వెంటరాక మానదనుట కర్మసిద్ధాంతము నమ్మినవారికి వింత గాదు. విడిచిన బాణమువంటిది ప్రారబ్ధమని వేదాంతులు చెప్పినదానిని చట్టము ఉపమానము లేక పొడిమాటలతో చెప్పినది. దీనికి మఱుప్రక్కయు నున్నది: పదవిలో నున్నవాడు చేసిన మంచిపనియు వాని హక్కులోని లోపమువలన చెడదు. కౌన్సిలులో ఖాళీ యున్నదన్న కారణము చేతనే దాని చర్యను ప్రశ్నింపరాదని అకౌంటెంట్ల చట్టము. ఆంధ్రప్రదేశమునుండి వెడలిన గోకరాజు రంగరాజు వ్యాజ్యమున, నియామకము పిదప కొట్టివేయబడిన సెషన్సు న్యాయాధికారులు అంతకుమునుపు చెప్పిన తీర్పులు నిలుచునని 1981లో ఓ. చిన్నపరెడ్డి తీర్పు వ్రాసిరి. ఆసనమును నమ్మి వచ్చిన జనుల కొఱకు ఆ రక్షణము, ఆసీనుని కొఱకు గాదు.

మిగిలినది లేఖకును రాజపత్రమునకును నడుమనుండు కాలము. ఆ యంతరమున ఎంత ప్రమాదముండగలదో 1971లో రాయబరేలీ యెన్నిక చూపినది. యశపాల్ కపూర్ జనవరి 13వ తేదిని తన ప్రభుత్వోద్యోగమునకు రాజీనామా వ్రాసెను. 14వ తేదినుండి అంగీకరించినట్లు ప్రకటన 25వ తేదిని వెలువడెను. మధ్యకాలమున ఆయన ఇందిరాగాంధీ యెన్నికకై పనిచేసియుండెను. ఆ దినములలో ఆయన ఉద్యోగియే యని 1975 జూన్ 12వ తేదిని అలహాబాదు న్యాయస్థానము తీర్చుట ఆమె యెన్నిక రద్దగుటకు గల కారణములలో నొకటి. తరువాత, రాజపత్రములో చెప్పిన తేదియే ప్రమాణమని చట్టమును సవరించిరి; నవంబరులో సర్వోన్నతన్యాయస్థానము ఆ సవరణను అనుసరించెను. కాలమును వెనుకకు త్రిప్పు శక్తిని అచ్చుకాగితమున కిచ్చుట నాకు రుచింపలేదు. తేదులు ప్రభుత్వము చేతిలో నున్నప్పుడు అవి ప్రభుత్వమునకు అనుకూలముగా పడుట సహజము.

అట్టి యెడకాలమున కౌన్సిలు సభ్యుడు ఏమి చేయవలయును? శాసనదృష్ట్యా యతడు సభ్యుడే. నోటీసు వచ్చును, ఓటున్నది, దినభత్యముండును. నా మట్టుకు, అతడు సమావేశమునకు పోవలయునని, తనవద్దనున్న ఫైళ్లను, ఉపసంఘముల కాగితములను, తాళపుచెవులను వ్రాతమూలకముగా ఒప్పజెప్పి రసీదు పుచ్చుకొనవలయునని, అడిగినచో తెలిసినది చెప్పవలయునని, అధ్యక్షుని యెన్నిక వంటి విషయములు వచ్చినప్పుడు మాత్రము చేయి యెత్తరాదని తోచుచున్నది. క్రమశిక్షణావిచారణలో సాక్ష్యమంతయు తానే వినియున్నచో వేఱుమాట; అక్కడ తాను తొలగినయెడల ముద్దాయి మరల మొదటినుండి చెప్పుకొనవలసివచ్చును, కావున ఆ యొక్క కేసు ముగియువఱకు లేఖను వ్రాయక యాగుటయే యుక్తము.